బొబ్బిలి యుద్ధం నాటకం: తెర ఎక్కడ దించాలి?

రాజాం తెలుగు టీచర్:

అందరికీ నమస్కారం. రాజాం దగ్గర ఒక ప్రభుత్వ హైస్కూల్లో తెలుగు చెబుతాను. ఈసారి వార్షికోత్సవానికి తొమ్మిదో తరగతి పిల్లల చేత బొబ్బిలి యుద్ధం వేయిస్తున్నాను. పాపారాయుడు ఏలిన చోట ఉంటూ ఆ నాటకం వేయకపోతే ఎలాగని ఊళ్ళో పెద్దలు ఎప్పటినుంచో అడుగుతున్నారు. స్క్రిప్టు నేనే రాశాను. అంతా అయింది, ముగింపు దగ్గర కలం కదలడం లేదు. యుద్ధం సినిమాలు, నాటకాలు బాగా చూసినవాళ్ళు ఇక్కడ ఉన్నారని అడుగుతున్నాను.

కథ అందరికీ తెలిసిందే. బొబ్బిలి, విజయనగరం సంస్థానాల మధ్య కాలవ నీళ్ళ తగాదాలు, పాత పగలు. 1757 జనవరి 24న ఫ్రెంచి సేనాని బుస్సీ ఫిరంగులు బొబ్బిలి కోట మీద పడ్డాయి, పక్కన విజయనగరం పూసపాటి విజయరామరాజు. కోట నిలవదని తేలాక ఆడవాళ్ళూ పిల్లలూ శత్రువుల చేతికి చిక్కకూడదని బొబ్బిలి రాజు రంగారావు తన మనుషుల చేతే వాళ్ళని చంపించాడు. ఆ తర్వాత తనూ పోరాడుతూ పోయాడు. మూడో రాత్రి బొబ్బిలి వీరుడు తాండ్ర పాపారాయుడు విజయరామరాజు గుడారంలోకి దూరి పొడిచి చంపాడు. ఎవరు వేసినా తెర అక్కడే దించుతారు. నేనూ అక్కడే దించుదామనుకున్నాను.

రిహార్సల్లో పాపారాయుడు కత్తి ఎత్తగానే మిగతా పిల్లలంతా ఈలలు, చప్పట్లు. విజయరామరాజు వేషం కుర్రాడు చచ్చి పడిపోయి, లేచి లాగు దులుపుకుంటూ అడిగాడు: "నాకు కొడుకు ఉన్నాడేటి టీచర్? ఉంటే ఆడు ఊరుకుంటాడేటి?"

ఆ ప్రశ్న పట్టుకుని చదవడం మొదలుపెట్టాను. విజయరామరాజుకి వారసుడిగా దత్తత వచ్చిన పిల్లవాడికి కూడా విజయరామరాజనే పేరే పెట్టారు. ఆ చిన విజయరామరాజు 1794 జూలై 10న పద్మనాభం దగ్గర ఈస్టిండియా కంపెనీ సైన్యంతో పోరాడి చనిపోయాడు. అతని కొడుకు నారాయణబాబు అప్పటికి పసివాడు. మక్కువ వైపు కొండ జమీందార్ల దగ్గరికి చేర్చి దాచారు.

ఇక బొబ్బిలి వైపు చూడండి. కోటలో అంతమంది పోయినా రంగారావు కొడుకు చిన రంగారావు బతికాడు. ఆనాటి చరిత్ర రాసిన రాబర్ట్ ఆర్మ్ ప్రకారం, ఒక ముసలాయన ఆ పిల్లవాణ్ణి చెయ్యి పట్టుకుని తీసుకొచ్చి లా అనే ఫ్రెంచి అధికారికి అప్పగించాడు, తండ్రి ఆజ్ఞ మీరి కాపాడానని చెప్పాడు. ఆ పిల్లవాడే పెద్దయ్యాక విజయనగరం వాళ్ళ ఖైదులో ఉన్నాడు, తప్పించుకుని నిజాం రాజ్యానికి పోయాడు. కంపెనీ అతనికి బొబ్బిలి తిరిగి ఇచ్చింది కూడా 1794లోనే. ఒక ఇంటి బిడ్డకి తండ్రి గడ్డ దక్కిన సంవత్సరమే రెండో ఇంటి బిడ్డకి తండ్రి పోయాడు.

ఇదంతా తెలిశాక గుడారం దగ్గర తెర దించడానికి మనసొప్పడం లేదు. యుద్ధం తర్వాత ఇంట్లో ఏం జరుగుతుందో, ఆ పగ పిల్లల్లోకి ఎలా దిగుతుందో చూపించిన సినిమాలు, నాటకాలు మీకు తెలిసినవి చెప్పండి. అవి ఎక్కడ ముగించాయి? పద్నాలుగేళ్ళ పిల్లలు ఇదంతా మోయగలరా?

చంపావతి గట్టు:

మేడమ్, మీరు అడిగినదానికి నాకు మొదట గుర్తొచ్చేది ఇన్సెండీస్. 2010లో వచ్చిన కెనడా సినిమా, వజ్దీ ముఅవద్ నాటకం ఆధారంగా దెనీ విల్నవ్ తీశాడు. దేశం పేరు చెప్పరు గానీ చూస్తుంటే లెబనాన్ అంతర్యుద్ధమే. అక్కడ ఆ యుద్ధం 1975 నుంచి 1990 దాకా సాగింది.

సినిమా మొదట్లో కొందరు మగపిల్లల్ని వరసగా కూర్చోబెట్టి మిషన్‌తో గుండు గీస్తుంటారు. చుట్టూ తుపాకులు పట్టుకున్న మనుషులు. ఒక పిల్లవాడి మడమ మీద మూడు చుక్కల పచ్చబొట్టు. కెమెరా మెల్లగా దగ్గరికి పోతుంది, వాడు మనకేసే చూస్తుంటాడు. చిన్నపిల్లలకి పుట్టువెంట్రుకలు తీయించే ఇంట్లో పెరిగినవాణ్ణి కదా, ఆ గుండ్లు చూసి నాకు ఒళ్ళు జలదరించింది. అక్కడ ఏ మొక్కూ లేదు, పిల్లల్ని సైనికులుగా మారుస్తున్నారు. ఆ తర్వాత కెనడాలో ఒక తల్లి చనిపోతుంది. కవల పిల్లలకి రెండు ఉత్తరాలు వదిలి వెళుతుంది, ఒకటి మీ నాన్నకి, ఒకటి మీ అన్నకి ఇమ్మని. తండ్రి బతికున్నాడనీ, అన్న ఒకడున్నాడనీ వాళ్ళకి అప్పటిదాకా తెలియదు. ఆ ఉత్తరాలు చేరేదాకా తన సమాధి మీద రాయి పెట్టొద్దంటుంది. చివర్లో ఏం తేలుతుందో చెప్పను, మీరు చూడాలి. అంత ఘోరం తెలిశాక కూడా ఆ ఉత్తరాల్లో పగ తీర్చుకోమన్న మాట ఉండదు. కోపాన్ని తనతోనే ఆపేయాలని ఆ తల్లి అనుకుంటుంది. అందుకు ఆమె ఎంచుకున్న దారి పిల్లలకి నిజం చెప్పడం. స్కూలు పిల్లలకి మాత్రం చూపించకండి, చాలా బరువైన సినిమా.

రెండోది ఇసావో తకహాతా 1988లో తీసిన గ్రేవ్ ఆఫ్ ది ఫైర్‌ఫ్లైస్. 1945లో జపాన్‌లోని కోబే మీద బాంబులు పడ్డాక తల్లి పోయిన అన్నాచెల్లెళ్ళ కథ. బొమ్మల సినిమా అని తేలిగ్గా తీసుకోవద్దు. అందులో నాకు మరిచిపోలేనిది బాంబు సీను కాదు, జావ పోసే సీను. తల దాచుకోవడానికి మేనత్త వరసావిడ ఇంటికి చేరతారు పిల్లలు. ఆవిడ గరిటె అడుగు దాకా ముంచి తన వాళ్ళకి మెతుకులు వేస్తుంది, వీళ్ళకి పైన తేరుకున్న నీళ్ళు పోస్తుంది. ఆ బియ్యం ఈ పిల్లల తల్లి బట్టలు అమ్మితే వచ్చినవి. ఆవిడ రాక్షసి ఏం కాదు. యుద్ధం ఆమె గరిటెలోకి కూడా వచ్చేసింది.

తెలుగులో కావాలంటే 2002లో అమృత పేరుతో డబ్బింగ్ అయిన మణిరత్నం సినిమా ఉంది. పెంచిన తల్లిదండ్రులు నిజం చెప్పేశాక కన్నతల్లిని వెతుక్కుంటూ శ్రీలంక వెళ్ళిన తొమ్మిదేళ్ళ పాప కథ. ఆ తల్లి తిరుగుబాటులో ఉంటుంది. పాప అడిగే ప్రశ్నలకి జవాబు చెప్పలేకపోతుంది. ఇది మాత్రం తొమ్మిదో తరగతికి చూపించొచ్చు.

బొబ్బిలి పెద్దాయన:

అమ్మా టీచరమ్మా, మీ శ్రమ మెచ్చుకుంటున్నాను. కానీ ఒక మాట చెప్పాలి. నేను పుట్టి పెరిగింది బొబ్బిలిలోనే. 1964లో బొబ్బిలి యుద్ధం సినిమా వచ్చినప్పుడు చిన్నవాణ్ణి, మా నాన్న భుజం మీద కూర్చుని చూశాను. ఎన్టీ రామారావు రంగారావు, భానుమతి మల్లమ్మ, ఎస్వీ రంగారావు పాపారాయుడు. ఆ గుడారం సీనుకి హాలంతా లేచి నిలబడింది. మా నాన్న ఏడ్చాడు. మా నాన్న కళ్ళలో నీళ్ళు చూడటం అదే మొదలు.

ఆ ఏడుపు పగ కోసం ఏడ్చింది కాదమ్మా. మా కోట పోయింది, మనుషులు పోయారు, ఇంటింటికీ ఆడవాళ్ళూ బిడ్డలూ పోయారు. అంత పోయినచోట మిగిలింది ఆ ఒక్క పేరు. బుర్రకథలు చెప్పినవాళ్ళు ఊరూరా ఆ పేరు మోసుకెళ్ళబట్టే యుద్ధ స్తంభం దగ్గర ఈరోజుకీ జనం ఆగుతున్నారు. ఓడినవాళ్ళ బాధకి పాపారాయుడు ఒక రూపం. ఆయన్ని తీసుకెళ్ళి లెబనాన్ పక్కనా జపాన్ పక్కనా పెట్టి, హింస ఆగాలి అని పాఠం చెబితే, మా వాళ్ళ చావుకి విలువ తగ్గించినట్టు అవుతుంది. పిల్లలు ఈల వేస్తే వేయనివ్వండి. వాళ్ళకి ఊరి మీద అభిమానం ఎక్కడ నుంచి వస్తుంది మరి?

ఆమదాలవలస నుంచి:

నేను సినిమాల గురించి పెద్దగా చెప్పలేను. ఇంటి సంగతి చెబుతాను, పనికొస్తే వాడుకోండి.

మా నాన్న మిలట్రీ. 1987లో భారత శాంతి సేనతో శ్రీలంకలోని జాఫ్నా వెళ్ళారు. మా వైపు ఊళ్ళల్లో మిలట్రీకి వెళ్ళడం కొత్తేం కాదు, వీధికి ఇద్దరు ముగ్గురు ఉంటారు. తిరిగొచ్చాక నాన్న ఎవర్నీ తిట్టలేదు, కొట్టలేదు, తాగలేదు. అందుకే ఎవరికీ ఏమీ తెలియలేదు. నిద్రలో మాత్రం ఆయన్ని ముట్టుకోకూడదు. ముట్టుకుంటే చెయ్యి లేచిపోయేది, కళ్ళు తెరిచేలోపే. ఒక రాత్రి మా అన్న జ్వరంతో వెళ్ళి ఆయన పక్కన పడుకోబోయి పెదవి చిట్లించుకుని వచ్చాడు. ఆ తర్వాత చాలా రోజులు నాన్న అరుగు మీదే పడుకున్నారు. తెల్లారి డ్యూటీకి లేపాలంటే అమ్మ దూరంగా నిలబడి చీపురు కట్ట చివరతో మంచం కోడు మీద తట్టేది. రెండుసార్లు తట్టి, రెండడుగులు వెనక్కి వేసేది. మేం అది చూస్తూ పెరిగాం. అన్ని ఇళ్ళల్లోనూ నాన్నల్ని అలాగే లేపుతారనుకున్నాను.

నాన్న పోయి చాలా కాలమైంది. నేను ఇప్పటికీ తలుపు చప్పుడు కాకుండా వేస్తాను, గడియ కూడా వేలు అడ్డం పెట్టి దించుతాను. మొన్న మా పాప స్టీలు గ్లాసు గట్టు మీద పెడుతూ కింద అరచెయ్యి అడ్డం పెట్టింది. ఎవరు నేర్పారమ్మా అంటే, "నువ్వు అలాగే పెడతావు కదా నాన్నా" అంది. అది మా నాన్నని ఫొటోలో తప్ప చూడలేదు.

యుద్ధం సినిమాల్లో సైనికుడు ఇంటికొస్తే అర్ధరాత్రి కేక పెట్టి లేస్తాడు, భార్య గుండెలకి హత్తుకుంటుంది, తర్వాతి సీనుకి అంతా సర్దుకుంటుంది. మా ఇంట్లో కేకలు లేవు. అందరూ మెల్లగా నడవడం నేర్చుకున్నారు, అంతే. మీ నాటకంలో ఆ బతికిన పిల్లవాడి చేత పెద్ద పెద్ద ఏడుపు డైలాగులు చెప్పించొద్దు మేడమ్. ఒక్క అలవాటు ఇవ్వండి చాలు.

పెద్దాయన గారూ, మీ మాట నాకు అర్థమైంది. మా నాన్న యూనిఫాం ఫొటో చూస్తే నాకూ ఛాతీ ఉప్పొంగుతుంది. చీపురు కట్ట కూడా గుర్తొస్తుంది. రెండూ నిజమే.

రాజాం తెలుగు టీచర్:

అందరికీ కృతజ్ఞతలు. ఆమదాలవలస వారూ, మీరు రాసింది చదివి చాలాసేపు ఫోను పక్కన పెట్టేశాను. ఆ గ్లాసు సంగతి నాటకంలో వాడుకోవడానికి మీ అనుమతి అడుగుతున్నాను.

బాబుగారూ, మీ నాన్నగారి కన్నీళ్ళని తక్కువ చేసే ఉద్దేశం నాకు లేదు. పాపారాయుణ్ణి తీసేయను. కానీ మీ మాటకి జవాబు వెతుక్కుంటుంటే నా సబ్జెక్టే నాకు అడ్డొచ్చింది. రాత్రివేళ గుడారంలోకి దూరి, పోయిన తనవాళ్ళ కోసం పగ తీర్చుకున్నవాడు మనకి ఇంకొకడున్నాడు, అశ్వత్థామ. సౌప్తిక పర్వంలో అతను మర్రిచెట్టు కింద నిద్రపట్టక పడుకుని ఉంటాడు. ఒక గుడ్లగూబ వచ్చి నిద్రపోతున్న కాకుల్ని చంపడం చూస్తాడు. అదే ఉపాయమని లేచి శిబిరానికి వెళ్ళి, తన తండ్రి తల నరికిన ధృష్టద్యుమ్నుణ్ణి, నిద్రపోతున్నవాణ్ణి కాలితో తన్ని లేపి చంపుతాడు. అక్కడితో ఆగడు, ఉపపాండవుల్నీ చంపుతాడు. ఆ తర్వాత ఉత్తర కడుపులో బిడ్డ మీదికి అస్త్రం వేస్తాడు.

మీరు వెంటనే అంటారు, ఉపపాండవులు నిద్రలో ఉన్న కుర్రవాళ్ళు, విజయరామరాజు సేన నడిపించి కోట మీదికి వచ్చినవాడు, రెండూ ఒకటి ఎలా అవుతాయని. నిజమే, ఒకటి కాదు. పాపారాయుడు పిల్లల జోలికి పోలేదు. అందుకే ఆయన్ని నేను గౌరవిస్తాను. కానీ అశ్వత్థామని మనం ఎందుకు అసహ్యించుకుంటాం? తిక్కన గారు మనల్ని మర్నాటి పొద్దుకి తీసుకెళ్ళారు కాబట్టి. ద్రౌపది దగ్గరికి తీసుకెళ్ళారు, ఆ తర్వాత స్త్రీ పర్వంలో గాంధారి వెంట యుద్ధభూమంతా తిప్పారు. ఆ రాత్రి దగ్గరే కథ ఆపేసి ఉంటే, తండ్రి పగ తీర్చిన కొడుకని అశ్వత్థామకి కూడా ఎవరో ఒకరు ఈల వేసేవారు. అదే బొబ్బిలి కథ మనం రాత్రి దగ్గర ఆపేస్తాం, తెల్లవారనివ్వం. మన పద్య నాటకాలదీ అదే వరస. రాయబారం సీనుకి వన్స్‌మోర్లు కొట్టి కొట్టి తెల్లారుస్తాం. స్త్రీ పర్వం నాటకంగా వేయగా నేను మాత్రం ఎక్కడా చూడలేదు.

ఇన్సెండీస్ చూశాను. చూస్తున్నంతసేపూ పోతన గారి ప్రథమ స్కంధం గుర్తొచ్చింది. అర్జునుడు అశ్వత్థామని కట్టి తీసుకొచ్చి ద్రౌపది ముందు పడేస్తాడు. భీముడు చంపేయాలంటాడు. ఐదుగురు కొడుకుల్నీ పోగొట్టుకున్న ఆవిడ, వదిలేయండి, నాలాగే ఇతని తల్లి కృపి కూడా ఏడవకూడదంటుంది. చిన్నప్పుడు ఈ ఘట్టం పాఠంగా చదువుకున్నప్పుడు ద్రౌపది మంచితనం అనుకుని పరీక్షలో రాసేశాను. ఇప్పుడు ఇద్దరు పిల్లల తల్లిగా చదివితే ఆ మాట అనడానికి ఆవిడ ఎంత బాధ దిగమింగిందో తెలుస్తోంది. దీనికి లెబనాన్ దాకా పోనక్కర్లేదు బాబుగారూ, మన పుస్తకంలోనే ఉంది.

ఆర్మ్ రాసిన ఇంకో సంగతి కూడా చెప్పాలి. కోట పడ్డాక లోపలికి వచ్చిన సైనికులు ఆ ఆడవాళ్ళనీ పిల్లల్నీ చూసి, గెలిచిన సంతోషం పోయి, మాట రాక ఒకరి ముఖాలొకరు చూసుకున్నారట. ఇది మీ వాళ్ళ చావుకి విలువ ఇచ్చే సీనే కదా. ఇప్పటిదాకా నేను చూసిన బొబ్బిలి నాటకాల్లో దీన్ని ఎవరూ వేయలేదు.

చిక్కు ఏమిటంటే, ఇవన్నీ పెడితే నాటకం రెండు గంటలు దాటుతుంది. నాకు ఇచ్చింది నలభై నిమిషాలు.

బుర్రకథ మనవడు:

మేడమ్, మా తాతది బుర్రకథ దళం. చీపురుపల్లి నుంచి పాలకొండ దాకా ఆయన కథ చెప్పని సంబరం లేదు. నలభై నిమిషాల్లో ఇన్ని తరాలు చెప్పాలంటే సీన్లు పెంచకండి, బుర్రకథ పెట్టండి. మధ్యలో కథకుడు, ఒక పక్క హాస్యం చెప్పే వంత, రెండో పక్క రాజకీయం చెప్పే వంత. ముగ్గురు పిల్లలు చాలు. యుద్ధం, గుడారం, పద్మనాభం, ఖైదు అన్నీ కథకుడి నోటే వెళ్ళిపోతాయి. ఆడి చూపించేవి రెండే సీన్లు ఉంచండి, కోటలో సైనికులు ముఖాలు చూసుకునేది, ముసలాయన పిల్లవాణ్ణి అప్పగించేది.

ఈల సంగతి చెప్తాను. మా తాత ఎప్పుడూ అనేవాడు, జనం ఎక్కడ గోల చెయ్యాలో వంతలు వాయించే గుమ్మెటే చెబుతుందని. గుడారం దగ్గర గుమ్మెట వేగంగా వాయిస్తే ఎవరైనా ఈల వేస్తారు. కత్తి లేచేముందే వాయింపు ఆపేసి, తందాన కూడా లేకుండా, ఉత్త మాటతో చెప్పించండి. పొడిచాడు, ఆయనా అక్కడే పోయాడు అని. వేద్దామన్నా ఈల రాదు. పాపారాయుడి గౌరవం ఎక్కడికీ పోదు. అక్కడ రాజకీయం వంత చేత మీ విద్యార్థి ప్రశ్నే అడిగించండి, ఆ పిల్లవాడు అన్న మాటల్లోనే, మన యాసలోనే. దానికి జవాబుగానే మిగతా కథ నడుస్తుంది.

హాస్యం వంతని మాత్రం తీసేయకండి. బరువు ఎక్కువైతే పిల్లలు మోయలేరు, చూసేవాళ్ళూ మోయలేరు. కాలవ నీళ్ళ తగాదా అంతా అతనికి ఇచ్చేయండి. మన ఊళ్ళల్లో నీళ్ళ తగాదాలు ఎలా ఉంటాయో అందరికీ తెలుసు కాబట్టి బాగా నవ్వుతారు.

బొబ్బిలి పెద్దాయన:

పోతన పద్యం దగ్గర నేను మాట్లాడలేనమ్మా. అయితే నా అభ్యంతరం ఒకటి మిగిలే ఉంది. పాపారాయుడు గుడారంలోకి వెళ్ళే ముందు ఆయనకి ఏం పోయిందో కనీసం ఒక్క నిమిషం చెప్పించండి. తను రాజాంలో ఉండగా ఇక్కడ అంతా అయిపోయింది. వచ్చేసరికి చూడటానికి ఎవరూ మిగల్లేదు. అది చెప్పకుండా గుమ్మెట ఆపేస్తే ఆయన ఉత్త హంతకుడిలా కనిపిస్తాడు.

ఆమదాలవలస నుంచి:

గ్లాసు సంగతి వాడుకోండి మేడమ్, సంతోషంగా. ఊరి పేరు, నాన్న సంగతి మాత్రం చెప్పొద్దు.

రాజాం తెలుగు టీచర్:

తప్పకుండా, ఏ వివరమూ బయటికి రాదు. బాబుగారూ, ఆ ఒక్క నిమిషం పెడుతున్నాను. మీరన్నది న్యాయం. ఆ ఖాళీ కోట ఆయన చూడకపోతే తర్వాతిదేదీ అర్థం కాదు.

క్రమం ఇలా అనుకున్నాను. హాస్యం వంతతో కాలవ తగాదా, కోట, సైనికుల సీను, పాపారాయుడు రావడం, గుమ్మెట లేని గుడారం, వంత ప్రశ్న, పద్మనాభం, ఖైదు, 1794. చివరికి వెనక్కి వెళ్ళి ముసలాయన సీను. చిన రంగారావు వేషానికి ఆరో తరగతి పిల్లవాణ్ణి తీసుకుంటున్నాను, డైలాగులు లేవు. ఫ్రెంచి అధికారి మంచినీళ్ళ గ్లాసు ఇస్తాడు, తాగి కింద పెడతాడు, అంతే.

విజయరామరాజు వేషం కుర్రాడికి రాజకీయం వంత కూడా ఇచ్చేశాను, తన ప్రశ్న తనే అడుగుతానన్నాడు. బుర్రకథ మనవడు గారూ, స్కూల్లో గుమ్మెటలు లేవు. చీపురుపల్లి వైపు అద్దెకి ఇచ్చేవాళ్ళు ఎవరైనా ఉంటే చెప్పండి. లేకపోతే డప్పుతో సరిపెట్టుకోవచ్చా? బాబుగారూ, పాపారాయుడి నిమిషం రాయడం రేపటికి అవుతుంది. ఇక్కడే పెడతాను, ఒకసారి సరిచూసి చెప్పండి.